కుళాయి హోరు

తూర్పు బెర్లిన్‌లో మా ఇంట్లో అసలు మాటలన్నీ స్నానాలగదిలోనే. నేనూ మా ఆయన ఎకార్టూ కుళాయి పూర్తిగా తిప్పి, ఆ హోరులో ఒకరి చెవికి ఒకరు నోరు ఆనించి మాట్లాడుకునేవాళ్లం. గోడల్లో ఏ మూల సర్కారు వేగులు ఏ మైకు పెట్టారో ఎవరికి తెలుసు? మేడలో అందరూ అంతే. పైఅంతస్తులో వేళ కాని వేళ నీళ్ల హోరు వినిపిస్తే, మొగుడూ పెళ్లాం ఏదో తేల్చుకుంటున్నారనుకునేవాళ్లం.

మా అమ్మ, ఊరిని రెండుగా చీల్చిన గోడకు అవతల, పడమటి బెర్లిన్ ఆసుపత్రిలో ఉంది. మా ఇంటికి నాలుగు కిలోమీటర్లు. ఇవాళో రేపో అన్నట్టుంది. ఒక్కసారి చూసి రావడానికి అర్జీ పెట్టుకున్నాను. మూడు వారాలకు పిలుపొచ్చింది.

బల్ల వెనకున్న అధికారి పళ్లు కుట్టుకుంటూ నా కాగితం తిరగేశాడు.

"కుదరదమ్మా."

"చావుబతుకుల్లో ఉందండీ. మా ఆయన్ని ఇక్కడే వదిలి వెళ్తున్నా కదా, తిరిగి రాకుండా ఎలా ఉంటాను?"

"అమ్మ మంచం పక్కన ఆ పచ్చ స్టూలు వేసుకుని కూర్చుంటా, ఎవరు లాగినా లేవను అన్నారట!" అని ఇకిలించాడు.

ఆ పచ్చ స్టూలు నా చిన్నప్పటిది. దాని ఊసు జన్మలో ఒక్కసారే ఎత్తాను. కుళాయి హోరులో, ఏడుస్తూ, ఎకార్ట్ చెవిలో.

ట్రాము ఎక్కాను. మా టెలిఫోను గుర్తొచ్చింది. పదిహేనేళ్లు ఎదురుచూసినా జనానికి రానిది, మాకు నాలుగు నెలల్లో వచ్చింది. "నా మొహం చూసి ఇచ్చారులే" అని ఆయనంటే పడీపడీ నవ్వాను కూడా. ఛీ! పదేళ్లుగా ఆ చెవికేనా నేను నోరు ఆనించింది?

ఇంటికొచ్చేసరికి ఎకార్ట్ బంగాళాదుంపల చెక్కు తీస్తున్నాడు. నన్ను చూడగానే చేతులు తుడుచుకుని, రమ్మని సైగ చేసి, వెళ్లి కుళాయి తిప్పాడు.

"ఏమన్నారే? ఇచ్చారా?"

వెచ్చటి ఊపిరి చెవికి తగిలి నాకు ఒళ్లంతా కంపరం పుట్టింది. చెయ్యి చాపి కుళాయి కట్టేశాను.

"పిచ్చా నీకు? వింటారే!"

"విననీ. నీళ్లెందుకు దండగ? రేపు ఎలాగూ నువ్వే వెళ్లి చెబుతావుగా," అన్నాను, మేడంతా వినపడేలా. "మా అమ్మ పక్కన ఎవరూ లేకుండా పోతుంది. అది నీ పుణ్యమేనని కూడా రాయి."

పైఅంతస్తులో ఎవరో కుళాయి తిప్పారు.