దామోదర్ రావు సారు పరావలయం

దామోదర్ రావు సారుకు పరావలయం గురించి గట్టిగా తెలిసిన సంగతి ఒక్కటే: అది తన నోటుబుక్కులో నలభై మూడో పేజీలో ఉందని. ఆ నోట్సు కూడా ఆయన సొంతం కాదు. హన్మకొండలో చదువుకునేటప్పుడు ఎవరో లెక్చరరు రాయించింది. 1973లో గోదావరిఖనిలోని ఒక ట్యుటోరియల్ కాలేజీలో ఆయన దాన్ని బోర్డు మీదికి ఎక్కించేవాడు, ఇంటర్ పిల్లలు తమ పుస్తకాల్లోకి దించుకునేవారు. ఈ ఎక్కించడం దించడంలో ఎవరి బుర్రకూ ఏ ఇబ్బందీ కలిగేది కాదు.

ఇబ్బంది పెట్టింది అనసూర్య. ఒకరోజు రెండో బెంచీలోంచి లేచి, బోర్డు మీది వంపు లోపలున్న చుక్కను చూపించింది.

"సార్, నాభి గక్కడ్నే ఎందుకుండాలె? జర ఇటు జరిగితే ఏమైతది?"

"జరగదు. సూత్రంలో అట్లనే ఉన్నది." సారు సుద్దముక్క బల్ల మీద పెట్టాడు. "మీ నాయన ఏం చేస్తడు?"

"బొగ్గుబాయి మీద ల్యాంపు రూంల పని సార్."

"దీపాలు తుడిచేటాయన బిడ్డకు నాభి జరిగితేంది, జరగకుంటేంది? కూసొని రాసుకో."

క్లాసంతా నవ్వింది. నవ్విన వాళ్ళలో సగం మంది తండ్రులు ఆ దీపాలు నెత్తిన పెట్టుకొని బాయిలోకి దిగుతారు. ఆ సంగతి అప్పుడు ఒక్కరికీ గుర్తు రాలేదు.

అనసూర్య కూర్చుంది కానీ రాసుకోలేదు. మధ్యాహ్నం తండ్రికి సద్ది పట్టుకొని ల్యాంపు రూంకు వెళ్ళింది. రాయమల్లు ఒక టోపీదీపం విప్పి, లోపలి వెండిరంగు గిన్నెను గుడ్డతో తుడుస్తున్నాడు. ఆ గిన్నె వంపు బోర్డు మీది పరావలయంలాగే ఉంది. ఆమె అదే ప్రశ్న ఆయన్నీ అడిగింది, నాభి అనకుండా బల్బు అని.

రాయమల్లు దీపం వెలిగించి గోడ వైపు తిప్పాడు. గోడ మీద గుండ్రటి గట్టి వెలుగు పడింది. బల్బును గోరంత ముందుకు లాగాడు. వెలుగు చెదిరి గోడంతా పలచబడింది.

"గీ జాగల ఉంటేనే సీదా పోతది. జరిగితే ఖరాబే."

"ఎందుకు బాపు?"

"గది నాకెట్ల తెలుస్తది బిడ్డా? పెట్టుడు తెలుసు గంతే."

తెలియదని అంత సులువుగా చెప్పిన మనిషిని ఆ నెలలో ఆమె చూడటం అదే మొదలు.

ఇంటికి వచ్చి ఒక తెల్లకాగితం తీసుకుంది. కింది అంచును నియతరేఖ అనుకుంది. దానికి కాస్త పైన ఒక చుక్క పెట్టి నాభి అనుకుంది. రెండింటికీ సమాన దూరంలో ఉండే బిందువులు కలిస్తేనే పరావలయం. స్కేలుతో కొలిచి కొలిచి విసుగొచ్చింది. చివరికి, చీర మడతపెట్టినట్టు, అంచును ఎత్తి చుక్కకు ఆనించి కాగితాన్ని మడిచింది. విప్పి, అంచులో మరోచోటును చుక్కకు ఆనించి మళ్ళీ మడిచింది. ఇరవై మడతలయ్యేసరికి గీతల మధ్య నుంచి ఒక వంపు తేలింది. ఎవరూ గీయని పరావలయం.

ఒక్కో మడతనూ చిన్న అద్దం అనుకొని చూసింది. చుక్క దగ్గర దీపం పెడితే, ఆ అద్దంలో దాని ప్రతిబింబం సరిగ్గా కింది అంచు మీద పడుతుంది. అద్దం వంపును తాకే చోట తగిలిన వెలుగు ఆ ప్రతిబింబం నుంచి వచ్చినట్టే పోవాలి. ఆ చోటు ప్రతిబింబానికి సరిగ్గా పైన ఉంది కాబట్టి, అంచు నుంచి నిటారుగా పైకి. ఏ మడత దగ్గరైనా అంతే. వెలుగంతా ఒకే దిక్కుకు పోవడానికి కారణం ఆమె ఒళ్ళో ఉంది.

మర్నాడు కాగితం తీసుకెళ్ళి సారుకు చూపించింది. ఆయన రెండు వేళ్ళతో పట్టుకొని చూసి తిరిగి ఇచ్చేశాడు.

"గిది లెక్క కాదు, పిల్లలాట. పరీక్షల కాగితం మడిస్తే మార్కులు పడవు."

రెండు వారాలకు కాలేజీ యజమాని క్లాసులు చూడటానికి హైదరాబాదు నుంచి ఒక రిటైరైన ప్రొఫెసరును పిలిపించాడు. ఆయన ముందు దామోదర్ రావు సారు తెల్లకాగితం తీసి, అంచును చుక్కకు ఆనించి మడవడం మొదలుపెట్టాడు. "ఇది నేను సొంతంగా తయారుచేసుకున్న పద్ధతి సార్" అన్నాడు.

ప్రొఫెసరు మురిసిపోయాడు. "చాలా బాగుంది. మరి ఆ చుక్క దగ్గర దీపం పెడితే, ఈ మడతల నుంచి వెలుగు ఎటుపోతుందో పిల్లలకు చెప్పండి."

"అది... సూత్రం ప్రకారం సార్."

"సూత్రం సరే. ఎందుకని?"

సారు రెండో బెంచీ వైపు చూశాడు. అనసూర్య ఆయన కళ్ళలోకి సూటిగా చూసి, తర్వాత నింపాదిగా పుస్తకంలో పేజీ తిప్పింది. ప్రొఫెసరు వేరే మాటలోకి వెళ్ళిపోయాడు.

ఇంట్లో ఈ ముచ్చట చెబుతూ నవ్వింది. రాయమల్లు నవ్వలేదు.

"ఆయనకు తెల్వక చెప్పలే. నీకు తెలిసి చెప్పలే. వినే పోరగాండ్లకు ఏం ఒరిగింది?"

"నన్ను నవ్విన్లు బాపు వాళ్ళు."

"నవ్వనీ. వాళ్ళు నవ్విన్లని వెలుగు వంకరపోతదా?"

ఆమెకు తండ్రి మీద కోపం వచ్చింది. అన్నం సగంలో వదిలేసి లేచింది. అయినా మర్నాడు కాలేజీ వరండాలో కాగితం పరిచి, నవ్విన వాళ్ళనే పిలిచి కూర్చోబెట్టింది. మొదట ముగ్గురు వచ్చారు, తర్వాత పదిమంది చేరారు. చెబుతుండగా వెనకాల చెప్పుల చప్పుడు వినిపించింది. దామోదర్ రావు సారు స్తంభానికి ఆనుకొని వింటున్నాడు.

అందరూ లేచి క్లాసులోకి వెళ్ళాక ఆయన దగ్గరికి వచ్చాడు. గొంతు తగ్గించి అడిగాడు.

"ప్రతిబింబం ఆ అంచు మీదనే ఎందుకు పడ్డదమ్మా?"

"మడిచినప్పుడు రెండూ ఒకదాని మీదొకటి కూసున్నయి కద సార్."

సారు మూడుసార్లు తల ఊపాడు. ఆ ఊపుడు ఆమెకు బాగా తెలుసు. ఏమీ అర్థం కాకపోయినా క్లాసులో అందరూ ఊపేది అట్లాగే. ఆమె పుస్తకంలోంచి కొత్త కాగితం చించి చుక్క పెట్టి ఆయన చేతికిచ్చింది.

"మీరే మడవుండ్రి సార్. నేను చూస్త."

ఆయన అటూ ఇటూ చూసి, ఎవరూ లేరని నిశ్చయించుకున్నాక, మెట్టు మీద కూర్చొని మొదటి మడత వేశాడు. వంకరగా వేశాడు. ఆయన దాన్ని విప్పి మళ్ళీ మడిచేదాకా ఆమె పక్కనే నిలబడింది.