పొలుసుల పల్లకి

ఎల్లారెడ్డిలో దేవన్న దేవుడి బొమ్మలకూ పల్లకీలకూ రంగులు వేసేవాడు. రంగుకు ముత్యపు మెరుపు రావాలంటే అందులో అభ్రకం పొడి కలపాలి. ఆ అభ్రకాన్ని దంచి, గుడ్డలో జల్లించే పని అతని భార్య శాంతవ్వది. ఏళ్ల తరబడి ఆ దుమ్ము పీల్చి ఆమె ఊపిరితిత్తులు పాడయ్యాయి. నాలుగడుగులు వేస్తే ఆయాసం. ఇక దుమ్ము తగిలితే బతకదని ఆసుపత్రిలో చెప్పారు.

నిజాంసాగర్ ఆనకట్ట కట్టి, నీళ్లు నిండిన కొత్త రోజులవి. కామారెడ్డి వైపు ఒక దొర, తన గుడికి పల్లకి చేయించి దేవన్నను పిలిపించాడు.

"ముత్యం లెక్క మెరువాలె," అన్నాడు.

దొరకు కాదని చెప్పే ధైర్యం ఎవరికుంది? ఇంటికి వస్తూ దేవన్నకు ఒక సంగతి గుర్తొచ్చింది. చిన్నతనంలో హైదరాబాదులో ఒక పనివాడు చేపపొలుసుల మీది వెండిపొర తీసి, గాజుపూసలకు అద్ది ముత్యాల్లా చేయడం అతను చూశాడు.

చేపలమ్మే సాలవ్వను అడిగాడు.

"పొలుసులా? పారబోసేటియి ఏం జేస్తవే అన్నా?"

"రంగు జేస్త."

ఆమె నవ్వింది. అయినా రోజూ గంపలో తెచ్చిచ్చింది. దేవన్న వాటిని ఉప్పునీళ్లలో కడిగి, కుండలో వేసి అరచేతులతో పిసికేవాడు. నీళ్లు పాలలా మారేవి. వడగట్టి కదపకుండా ఉంచితే అడుగున వెండి మడ్డి చేరేది. వాసన పోయేదాకా మళ్లీ మళ్లీ కడిగి, తుమ్మబంకలో కలిపి, దొర బండిలో పంపిన పల్లకికి సుద్ద పూసి, దాని మీద పలచగా, పొర మీద పొర వేశాడు. శాంతవ్వ పక్కన కూర్చుని చూసింది.

"దీనికి దుమ్మే లేదు గదయ్యా," అంది. ఆ మాటకు దేవన్న కళ్లు చెమ్మగిల్లాయి.

ఉత్సవం రోజున పల్లకి ఎండలోకి రాగానే జనం నోళ్లు తెరిచారు. తెలుపులోంచి గులాబి, గులాబిలోంచి పచ్చ తేలుతున్నాయి. ఉత్సవం చూడవచ్చి దూరంగా నిలబడ్డ సాలవ్వ ఆనందం పట్టలేక పక్కనున్న ఆమెతో అంది: "గా మెరుపు నా చేపల పొలుసులదే అవ్వా!"

ఆ మాట పూజారి చెవిన పడింది. పల్లకిని దింపించాడు. దొర దేవన్నను పిలిచాడు.

"నిజమేనారా?"

అందరూ తనవైపే చూస్తున్నారు. సాలవ్వ కూడా చూస్తోంది, అవునంటాడని చిరునవ్వుతో. దేవన్న దొరకు చేతులు జోడించాడు.

"అబద్ధం దొరా. అది అభ్రకమే. గామె పిచ్చిది."

సాలవ్వను కొడుతూ గుడి వాకిలి దాకా ఈడ్చుకుపోయారు. ఆమె ఏడవలేదు. తల తిప్పి దేవన్ననే చూస్తూ పోయింది.

అయినా పూజారి అనుమానం తీరలేదు. "రంగంతా గీకించి శుద్ధి చెయ్యాలి," అన్నాడు.

"అభ్రకమే గదరా! మళ్ల అదే ఎయ్యి. దసరాకు కావాలె," అన్నాడు దొర. పల్లకిని బండిలో ఎల్లారెడ్డికి పంపి, కాపలాకు ఒక మనిషిని తోడిచ్చాడు. దేవన్న తన రంగును తన చేతులతోనే గీకేశాడు.

శాంతవ్వను పుట్టింటికి, గాంధారికి పొమ్మన్నాడు. ఆమె పోలేదు. "నువ్వు దంచుకుంట కూసుంటే రంగెవ్వలేస్తరు? దసరాకు కాకపోతే నిన్ను బతకనిస్తరా?" అంటూ మూతికి గుడ్డ కట్టుకుని రోకలి పట్టింది.

"వద్దే శాంతా."

"ఏం గాదు తీయ్."

రంగు సగం పడేసరికి ఆమె పోయింది.

చావుకు సాలవ్వ వచ్చింది. శాంతవ్వ నుదుట బొట్టు పెట్టి లేచింది. దేవన్న ఎదురెళ్లాడు.

"సాలవ్వా, నేను ఆ దినం..."

"ఇప్పుడేం మాట్లాడకన్నా. పెండ్లాన్ని సాగనంపు," అని ఆమె వెళ్లిపోయింది. ఆ తర్వాత ఆ వాడలోకి మళ్లీ రాలేదు.

మైల తీరిన మర్నాడే దొర మనిషి వచ్చి అరుగు మీద కూర్చున్నాడు. పల్లకికి ఒక పక్క ఇంకా బోసిగానే ఉంది. శాంతవ్వ దంచిన పొడి గిన్నెలో మిగిలి ఉంది. దేవన్న దాన్ని బంకలో కలుపుకొని కుంచె ముంచాడు.