అత్తయ్య కడిగిన గోడ

సీరియల్ తీసేవాళ్లు మా వీధంతా తిరిగి తిరిగి చివరికి మా ఇల్లే కావాలన్నారు. అత్తయ్య పొంగిపోయింది. ఈమధ్యే ముందుగోడకి కొత్త రంగు వేయించింది మరి!

షూటింగు రోజు తెల్లారేసరికి ఆర్ట్ డైరెక్టర్ బురదరంగు డబ్బాతో దిగాడు. తలుపు పక్కన మరకలు కొట్టాడు, కిటికీ కింద నాచురంగు పూశాడు.

"అయ్యో అయ్యో! కళ్లు నెత్తికెక్కాయా బాబూ? నిగనిగలాడే గోడకి ఆ పాడు రంగేంటి?" అంది అత్తయ్య.

"పాతనగరం కథ పెద్దమ్మా. మీ గోడ మరీ కొత్తగా ఉంది. నీళ్లతో పోయే రంగే, సాయంత్రం మేమే కడిగేస్తాం."

"సాయంత్రం కడిగితే ఏం లాభం? టీవీలో కనపడేది ఇదేగా!"

ఆవిడ బెంగంతా మా అమ్మ గురించి. మా అమ్మ ఆ సీరియల్ ఒక్కరోజు కూడా వదలదు. శుభ్రం విషయంలో ఈ వియ్యపురాళ్లిద్దరికీ ఎప్పట్నుంచో పోటీ. మధ్యలో నలిగి చచ్చేది నేను.

"నా కూతుర్ని ఈ కొంపకా ఇచ్చాను అనదుటే మీ అమ్మ?" అంటూ అత్తయ్య కళ్లు ఒత్తుకుంది.

"నేను చెప్తాలెండి" అన్నాను. ఈ ఇంట్లో నా మాట వినేదెవరు?

పొద్దున హీరోయిన్ ఏడుస్తూ ఆ మరకల గోడ పక్కనుంచి బయటికి వెళ్లింది. కథలో ఆమె వెంటనే తిరిగొస్తుంది, కానీ ఆ షాటు తీసేది భోజనాల తర్వాత. అందరూ విస్తళ్ల ముందు కూర్చోగానే అత్తయ్య బకెట్టూ బ్రష్షూ పట్టుకుని పని కానిచ్చేసింది. నేను వచ్చి చూసేసరికి గోడ తళతళలాడుతోంది.

డైరెక్టర్ తల పట్టుకున్నాడు. మళ్లీ మరకలు కొట్టి ఆరేలోపు ఎండ పోతుంది. హీరోయిన్ రేపు దొరకదు. అత్తయ్యేమో బకెట్టుతో గోడకి అడ్డంగా నిలబడిపోయింది.

ఆయన ఆవిడనీ గోడనీ మార్చిమార్చి చూసి, "సరే పెద్దమ్మా, కడుగుతూనే ఉండండి. కెమెరా వైపు మాత్రం చూడకండి" అన్నాడు.

ఆ భాగం వచ్చిన రోజు ఇంటిల్లిపాదీ టీవీ ముందు చేరాం. హీరోయిన్ తిరిగొచ్చింది. వెనకాల మా అత్తయ్య గోడ తోముతోంది. ఇంతలో తెర వెనకనుంచి ఓ గంభీరమైన గొంతు, "చూస్తుండగానే మన పాతనగరం చెరిగిపోతోంది" అని వాపోయింది.

"చెరిగిపోవడమేంట్రా నీ మొహం! కడిగానురా!" అని అత్తయ్య టీవీ మీదికి లేచింది.

ఫోను మోగింది. మా అమ్మే. స్పీకరు పెట్టమని అత్తయ్య సైగ చేసింది.

"చూశాను వదినగారూ, గోడ బాగుంది. కిటికీ కింద మూల కాస్త వదిలేసినట్టున్నారు?"

"కావాలనే వదిలాను వదినగారూ. పాపం, వాళ్ల పాతనగరం కాస్తయినా మిగలాలిగా!"

ఫోను పెట్టీ పెట్టకముందే అత్తయ్య బకెట్టు తీసుకుని బయటికి పరిగెత్తింది.