చేతులు తుడుచుకునే పీలిక

చెల్లి వేళ్లు తెగిన ప్రెస్సును ఆమె ఆసుపత్రికి చేరకముందే కడిగి మళ్లీ తిప్పారు. అక్క పక్క మిషను మీదే ఉంది. అంతా కళ్లారా చూసింది.

రేకు డబ్బాలకు మూతలు కొట్టే ఆ షెడ్డులో పనిచేసేది ఆడవాళ్లే. ప్రెస్సు దిగేముందు వేళ్లకు అడ్డంగా ఒక ఇనుప జాలీ మూసుకోవాలి. అది మూసుకుంటే పని నెమ్మదిస్తుంది. అందుకని మేస్త్రీ పొద్దున్నే ప్రతి మిషను మీదా ఒక గుడ్డపీలిక పెట్టి, "చేతులు తుడుచుకోడానికమ్మా" అంటాడు. ఆ పీలికతో జాలీని పైకి కట్టెయ్యాలని నోటితో చెప్పడు. కట్టని మనిషి మాత్రం మర్నాడు గేటు బయట ఉంటుంది.

ప్రమాదం మీద షెడ్డులో పెట్టిన మీటింగుకు కంపెనీ సంక్షేమాధికారి వచ్చాడు. ఆడవాళ్లు ఆయన్ని తేనె సారు అంటారు. తడిగుడ్డతో గొంతు కోసే రకం.

"మనమంతా ఒక కుటుంబం. ఆ సంఘటన విన్నప్పట్నించీ నాకు ముద్ద దిగట్లేదు" అన్నాడు. వేళ్లు తెగితే ఆయన భాషలో సంఘటన. "ఒక్కటే అడుగుతా. వేళ్లన్నీ బాగున్నవాళ్లు చెయ్యెత్తండమ్మా."

అందరూ ఎత్తారు. అక్క కూడా ఎత్తింది. ఎత్తమంటే ఎత్తడం అలవాటు మరి.

"చూశారా! అవే మిషన్లు, అదే పని. ఇన్ని చేతులు భద్రంగా ఉంటే తప్పు మిషనుదా, ఆ అమ్మాయి అజాగ్రత్తదా? మీరే చెప్పండి."

అక్క గబుక్కున చెయ్యి దించుకుంది. తన చెయ్యే చెల్లి మీద సాక్ష్యం చెప్పింది! తప్పు చెల్లిదని తేలితే దాని ఉద్యోగం పోతుంది, జాలీలు పైనే ఉంటాయి, రేపు ఇంకొకరి వేళ్లు పోతాయి. ఆమె లేచి నిలబడింది.

"సార్, ఇంట్లోకి పాము దూరి ఒక్కర్నే కరిచింది. మిగతావాళ్లం బతికే ఉన్నాంగా, అది పాము కాదంటారా?"

షెడ్డంతా గొల్లున నవ్వింది. మూతలు ఏరే పిన్ని చప్పట్లు కొట్టింది. గెలిచాననుకుంది అక్క, పిచ్చిది.

తేనె సారు కూడా నవ్వాడు. "భలే చెప్పావు. ఫ్యాక్టరీ పామైతే పాముతో కాపురమెందుకు? రేపే తాళం వేద్దాం. తాళం వద్దు, పని కావాలి అనేవాళ్లు చెయ్యెత్తండి."

"తాళం ఎవరడిగారు? జాలీ దించమంటున్నాం!" అని అక్క అరిచింది. భయం అందరి చెవులూ మూసేసింది. ఒక్కొక్క చెయ్యే లేచింది. పిన్ని తల వంచుకుని అందరికన్నా చివర ఎత్తింది.

"జాలీ కట్టమని మేస్త్రీ ఎప్పుడైనా చెప్పాడా?" అని తేనె సారు అక్కను అడిగాడు.

చెప్పలేదు. అదీ నిజమే.

"కాబట్టి ఆ అమ్మాయికి విశ్రాంతి ఇస్తున్నాం." తీసెయ్యడానికి ఆయన పెట్టిన పేరది.

ఇంట్లో చెల్లి కట్టు కట్టిన చేతిని ఒళ్లో పెట్టుకుని అంతా విన్నది. "నువ్వూ ఎత్తావా అక్కా?" అని అడిగింది. అక్కకు ఏడుపొచ్చింది.

మర్నాడు గంట కొట్టకముందు కుళాయి దగ్గర పిన్నిని నిలదీసింది.

"ఎందుకెత్తావే పిన్నీ?"

"ఎత్తకపోతే తాళం కావాలన్నట్టేగా!"

"ఉన్నవి ఆ రెండు దారులేనా?"

"మూడోది ఆయనెందుకు చూపిస్తాడే? మాటల్లో ఆయన్ని మనం గెలవలేం."

"మాటలొద్దు. కట్టమని చెప్పలేదన్నాడుగా. కట్టొద్దు."

పిన్ని చాలాసేపు చేతులు కడుక్కుంటూనే ఉంది. చుట్టూ ఉన్నవాళ్లు ఒకళ్ల మొహాలు ఒకళ్లు చూసుకున్నారు.

మేస్త్రీ పీలికలు పెట్టి వెళ్లాడు. అక్క చేతులు తుడుచుకుని పీలికను పక్కన పెట్టింది. జాలీ దించింది. పక్క మిషనామె దించింది. ఆ వెనక వరస, ఆ పై వరస. ప్రెస్సుల మోత నెమ్మదించింది.

మేస్త్రీ పరుగెత్తుకొచ్చాడు. "ఏంటే ఇది?"

"తుడుచుకున్నాం మేస్త్రీ. దానికేగా ఇచ్చావు!"

"కట్టండే!"

"ఏం కట్టాలో నోటితో చెప్పు. అందరం వింటాం."

మేస్త్రీ నోరు తెరిచాడు, మళ్లీ మూసుకున్నాడు.

మధ్యాహ్నానికి పోలీసులొచ్చారు. అక్క రెక్క పట్టుకున్నారు.

"ఏం చేసిందయ్యా?" పిన్ని అడ్డుపడింది. "పని చేస్తూనే ఉందిగా!"

"శాంతికి భంగం కలిగించింది."

ఎవరూ ఆపలేకపోయారు. అక్కను జీపులో కూర్చోబెట్టారు. చెల్లి వేళ్లు ఎలాగూ తిరిగి రావు. రేపటికి వీళ్లంతా మళ్లీ జాలీలు కట్టేసుకుంటారేమో, తనకేం తెలుసు? ఆమె చెవులు రిక్కించి వింది. ప్రెస్సులు దిగుతున్నాయి, ఆగి ఆగి, ఒకదాని వెనక ఒకటి. జీపు మలుపు తిరిగేదాకా ఆ మోత వేగం పెరగలేదు.