వేలిముద్రకు తగిన మాట

పొద్దున్నుంచి అమీనుద్దీన్ నాలుగు కాగితాలు చింపాడు. కోరుట్ల బస్టాండు ఎదుటి చిన్న కొట్టులో ముప్పై ఏళ్లుగా దరఖాస్తులు రాస్తున్నాడు గానీ, ఒక్క మాట దగ్గర ఇంతగా ఎన్నడూ అలిసిపోలేదు.

ఎదుట స్టూలు మీద గొల్లపల్లి కిష్టవ్వ కూర్చుంది. ఆమె కొడుకు దివాకర్ గల్ఫులో, కూలీల గదిలో వంట వంతు కోసం జరిగిన తోపులాటలో తల పగిలి చనిపోయాడు. తోసింది సిరిసిల్ల దిక్కు ముస్తాబాద్ ఏసయ్య. ఇద్దరూ ఊళ్లో పని దొరక్క ఒకే విమానమెక్కినవాళ్లు. తల్లి క్షమించానని రాసిస్తే అక్కడి కోర్టు ఏసయ్యను వదిలేస్తుంది, లేకుంటే మరణశిక్షే. ఏసయ్య భార్య రజని గడప అవతలే నిలబడింది. లోపలికి రావడానికి మొహం చెల్లడం లేదు.

రాసిస్తానని కిష్టవ్వ తనంతట తానే వచ్చింది. తీరా చదివి వినిపించేసరికి, "క్షమించాను" దగ్గర వేలు వెనక్కి తీసుకుంది.

"గా మాట నాతోని కాదు సాబ్. వేరే మాట పెట్టు."

"మన్నించాను" అని మార్చాడు. తల అడ్డంగా ఊపింది. "తప్పు కాచాను" అన్నాడు. అదీ వద్దంది. "నాకు పగ లేదు" అన్నాడు.

"లేదని ఎవలన్నరు? కుండ మారిస్తే కల్లు మారుతదా?"

తాళ్లెక్కి కల్లు గీసి బతికిన ఇంటి మనిషి, ఆమెను ఏమార్చడం ఎవరి తరం!

అమీనుద్దీన్‌కు విసుగొచ్చింది. ఆమెకు చదువు రాదు. కాగితం మీద క్షమించానని రాసి, పైకి మరోటి చదివితే సరి, ఒక ప్రాణం నిలబడుతుంది. కలం అక్కడిదాకా పోయింది కూడా. తన మీద తనకే రోత పుట్టి కలం మూసేశాడు.

"నువ్వే చెప్పవ్వా. ఏమని రాయాలె?"

కిష్టవ్వ గడప దిక్కు చూసింది. రజని కొంగు నోట్లో కుక్కుకుని ఉంది.

"నా కొడుకు పెట్టెల అచ్చిండు. గా పిల్లగాడు నడుసుకుంట రావాలె. గంతే రాయి."

అక్షరం మార్చకుండా రాశాడు. ఉర్దూలోకి తిప్పినా, అరబ్బీలోకి తిప్పినా దాని అర్థం చెడదని, కోర్టుకు అది చాలునని అతనికి తెలుసు. ఇంకు డబ్బీ మూత తీశాడు. బొటనవేలు అద్దుకున్నాక కిష్టవ్వ ఆగింది.

"నిజం చెప్పు సాబ్. గిది గూడ గా మాటేనా?"

కాదంటే వేలు పడుతుంది, ఏసయ్య బతుకుతాడు. అయినా ఆమె మొహం చూస్తూ అబద్ధమాడలేకపోయాడు.

"గా మాటే అవ్వా."

ఆమె నల్లబడ్డ వేలివంక చూసుకుంది.

"నాకెర్కే," అని ఏడుస్తూ, వేలు గట్టిగా ఒత్తింది.