తంకమణి జుట్టు

తంకమణి నలుపు. ఆ మాట ఒట్టపాలెంలో ఎవరూ ఆమె ముందు అనరు. "ఏం జుట్టే తల్లీ" అంటారు. రెండూ ఒకటేనని ఆమెకు పదేళ్లప్పుడే తెలిసింది.

మోకాళ్ల దాకా వచ్చే ఆ జుట్టుని ఆమె ప్రాణంలా చూసుకుంది. రోజూ కాచిన కొబ్బరినూనె, మందారాకు రసం, స్నానం చేశాక చివర చిన్న ముడి, ముడిలో తులసి రెమ్మ. తనకున్న అందమంతా అదేనని ఆమె లెక్క.

పెళ్లిచూపుల నాడు పెళ్లికొడుకు మేనత్త అమ్మిణి ముడి విప్పించి, సవరమేమోనని కుదుళ్ల దగ్గర పట్టి లాగి చూసింది. నిజం జుట్టే. కళ్లు చెమర్చేలా లాగింది కూడా. అంతలో చెల్లెలు విలాసిని, తలకి తువ్వాలు చుట్టుకుని, టీ గ్లాసులు తెచ్చింది. పచ్చటి పిల్ల. అమ్మిణి చూపు అక్కడే ఆగిపోయింది.

మర్నాడు కబురొచ్చింది. చిన్నదాన్ని ఇవ్వండి, పెద్దదానికే అంత జుట్టుంటే దీనికెంతుంటుందో అని.

టైఫాయిడ్‌కి రాలిపోయి తువ్వాలు కింద విలాసినికి మిగిలింది జానెడు.

"జుట్టేగా, మళ్లీ వస్తుంది. రంగొస్తుందా?" అంది అమ్మ, కత్తెర తెచ్చి పక్కన పెడుతూ. తంకమణికి ఆ క్షణంలో అమ్మ మీద పుట్టిన అసహ్యం మరి పోలేదు. అయినా వీపు తిప్పి కూర్చుంది.

పెళ్లిలో జరీ అంచు తెల్ల ముండు చీరలా కట్టుకుని, మల్లెలు చుట్టిన సవరంతో విలాసిని దేవతలా ఉంది. అమ్మిణి ఈసారి లాగి చూడలేదు. మురిపెంగా నిమిరి, తలమీద పైట కప్పుకున్న తంకమణి వైపు తిరిగింది.

"నీ జుట్టేమైందే? అశ్రద్ధ చేశావు. చెల్లెల్ని చూసి నేర్చుకో."

"అలాగేనండీ" అంది తంకమణి.

వెళ్లే ముందు విలాసిని ఆమెను వంటగది మూలకి లాక్కెళ్లింది.

"అక్కా, దీన్ని ఎలా ఉతకాలే? అక్కడ ఎవరినీ అడగలేను."

"మందారాకు రసంతో. నీడలో ఆరబెట్టు. మెలిపెట్టి పిండకు, నొప్పి పుడుతుంది."

ఎవరికని విలాసిని అడగలేదు.