ముసురు నాలుగు

నేను ఒక చక్రాన్నే గాని, ఏ బండికీ పనికొచ్చే చక్రాన్ని కాదు. జోడురేవు ఊరి పక్కన, ఉప్పుటేరు ఒడ్డున, ఎత్తయిన దిబ్బ మీద రెండు రాతి స్తంభాల మధ్య నన్ను బిగించి నిలబెట్టారు. నన్ను చెక్కిన వడ్రంగికి అక్షరం ముక్క రాదు. అందుకే నెలల పేర్లు రాయకుండా బొమ్మలు చెక్కాడు. మొలక, దుమ్ము, ముసురు, రొయ్య, అలా పది. నెలకు ముప్పై ఆరు రంధ్రాలు. అన్నీ అయ్యాక చిట్టచివర బొమ్మ లేని రంధ్రం ఒక్కటి. అది వెలి రోజు.

ఆ రోజు పొయ్యి వెలిగించరు. పేరు పెట్టి ఎవరినీ పిలవరు. ఆ రోజు పుట్టింది దూడైనా బిడ్డైనా ఏటి బురదలో వదిలేసి రావాలి. ముట్టుకున్నవాళ్ళూ వెలి అవుతారు గనక, ఇంటివాళ్ళే మోసుకెళ్ళాలి. ఈ ఆచారం పెట్టినవాడికి పిల్లలు ఉండి ఉండరు.

ఆ ఊరి ఆకాశంలో రెండు చందమామలు. పన్నెండేళ్ళకోసారి, ముసురు నెల నాలుగో రోజున, రెండూ ఒకచోట చేరి సముద్రాన్ని లాగుతాయి. జోడు పోటు అంటారు దాన్ని. దిబ్బ తప్ప అంతా మునుగుతుంది. ముసురులో మబ్బు కమ్మి ఏ చందమామా కనబడదు. కనుక జనానికి నేనే దిక్కు. మూడో రోజు సాయంత్రానికి పిల్లాజెల్లాతో, కోళ్ళతో మేకలతో దిబ్బెక్కుతారు. నీళ్ళు తగ్గాక దిగుతారు.

రోజూ తెల్లవారగానే నా చీలను ఒక రంధ్రం జరిపి, డప్పు కొట్టి రోజు చెప్పడానికి ఒక మనిషి ఉంటాడు. నా ఎరుకలో నలుగురు పోయారు. ఒకడు తాగుబోతు, ఒకడు పెళ్ళాన్ని కొట్టేవాడు, మిగతా ఇద్దరూ అంతకన్నా ఘనులేం కారు. కానీ చీల దగ్గర మాత్రం ఎవడూ తప్పు చెయ్యలేదు. అయిదోవాడు పైడన్న. మంచివాడు. ముప్పు మంచివాడితోనే వచ్చింది.

ఆఖరు నెల ముప్పై అయిదో రోజు. ఇంకా పూర్తిగా తెల్లవారలేదు. పైడన్న కూతురు మంగులుకు తొలి కాన్పు నొప్పులు మొదలయ్యాయి. మంత్రసాని బయటికొచ్చి, "ఎల్లుండి పొద్దెక్కితే గాని కాదు బావా" అంది.

ఎల్లుండి వెలి రోజు.

పైడన్న నా దగ్గరికి వచ్చాడు. చీల పీకి, ఒక రంధ్రం వదిలేసి, రెండోదాంట్లో గుచ్చాడు. డప్పు కొట్టి, "ఈ పొద్దు ముప్పై ఆరు!" అని అరిచాడు.

వల భుజాన వేసుకుని పోతున్న తాటన్న ఒక్కడే ఆగాడు. "నిన్న ముప్పై నాలుగు కదేటి మావా?"

"రాత్రి ఎన్ని ముంతలు పట్టించావేటి?"

రేవంతా నవ్వింది. తాటన్న కూడా నవ్వాడు. తన వేళ్ళ మీది లెక్క కన్నా వాడికి నా మీది చీలే నిజం.

పిల్ల పుట్టింది వెలి రోజునే. నా లెక్కలో మాత్రం అది మొలక ఒకటి. ఏడాదికి తొలి బిడ్డని ఊరంతా బెల్లం పంచుకుంది. చిట్టిక అని పేరు పెట్టారు. ఆ నాటి నుంచి నేను ఒక రోజు ముందు నడుస్తున్నాను. చీలను ఒక్క పొద్దు కదపకుండా ఉంచితే చక్కబడేది. కానీ అదే రోజును రెండుసార్లు డప్పు కొట్టి చెప్పాలి. ఎందుకని అడుగుతారు. రేపు చూద్దాం అనుకున్నాడు పైడన్న. ఏళ్ళకేళ్ళు రేపు రేపు అంటూనే పోయాయి.

ఏడో ఏట జోడు పోటు వంతు వచ్చింది. జనం దిబ్బెక్కారు. నాలుగో రోజంతా ఎదురుచూశారు. ఏట్లో నీళ్ళు మోకాలు దాటలేదు. సాయంత్రానికి గండం తప్పిందని పాటలు కూడా మొదలుపెట్టారు.

మర్నాడు తెల్లవారింది. పైడన్న చీల ముట్టుకోలేదు. డప్పు కొట్టాడు. "ఈ పొద్దు కూడా నాలుగే! ఎవరూ దిగకండి!"

రేవుపెద్ద దాలప్ప లేచి వచ్చాడు. "ముసిలోడికి మతి పోనాది. ఒక చీల రెండు పొద్దులు ఎలా నిలబడుద్దిరా?"

"ఎక్కడో ఒక పొద్దు తప్పింది బాబూ. తప్పు నాదే."

"ఎక్కడ?"

తాటన్న ముందుకొచ్చాడు. "ముప్పై నాలుగు మీద ముప్పై ఆరు! నేనానాడే అన్నాను. మంగులు కనే ముందర!"

తలలన్నీ చిట్టిక వైపు తిరిగాయి. దాని పక్కన ఆడుకుంటున్న పిల్లల్ని తల్లులు గబుక్కున లాక్కున్నారు.

"అవును, వెలి రోజు బిడ్డే," అన్నాడు పైడన్న. "నన్నేం చేస్తారో చెయ్యండి. ఈ పొద్దు మాత్రం దిగకండి."

మనిషి తెలివేమిటో అప్పుడు చూశాను. రోజు తప్పింది కాబట్టి పిల్ల వెలిదే అన్నారు. రోజు తప్పితే పోటు కూడా ఈ రోజే కదా అని పైడన్న అంటే, "నిన్న చీల నాలుగులోనే ఉంది. రావాల్సిందైతే నిన్ననే వచ్చును" అన్నారు. ఒకే మాటలో సగం నమ్మారు, సగం ఉమ్మేశారు. దాలప్ప తన చేత్తోనే చీలను అయిదులోకి మార్చాడు.

"పొద్దు కుంకేలోగా దాన్ని ఏటికి తే. నువ్వే మొయ్యాల."

అందరూ దిగిపోయారు. పైడన్న గొంతు పోయేదాకా అరిచాడు. తాటన్న ఒకసారి వెనక్కి చూశాడు గాని, ఆగలేదు. మంగులు కూతుర్ని గుండెకు కరుచుకుని నా స్తంభం వెనక నక్కింది.

మధ్యాహ్నానికి ఏట్లో నీళ్ళు వెనక్కి వెళ్ళిపోయాయి. పడవలు బురదలో ఒరిగాయి. కింద ఇళ్ళలో పొయ్యిలు వెలిగినట్టున్నాయి, చేపల కూర వాసన దిబ్బ దాకా వచ్చింది. ఆ తర్వాత శబ్దం వచ్చింది. దాన్ని గురించి నేను చెప్పను.

మర్నాడు పైడన్న అలవాటుకొద్దీ చీల మీద చెయ్యి వేశాడు. కిందికి చూసి చెయ్యి తీసేశాడు. దిబ్బ చుట్టూ నీళ్ళే. వాన వదల్లేదు. ఒక్క పుల్ల పొడిగా లేదు. మూడో రోజుకు పిల్ల వణుకుతూ పలకడం మానేసింది. పైడన్న దిబ్బ మీద డప్పు దాచే గుడిసెలోంచి గొడ్డలి తెచ్చాడు. ఏటేటా నూనె పట్టించిన కలపను నేను, లోపల చుక్క తడి లేదు. మొదటి దెబ్బ రొయ్య బొమ్మ మీద పడింది.

బాగానే మండుతున్నాను. చాలాసేపటికి చిట్టిక కళ్ళు తెరిచి, అరచేతులు నా వైపు చాపింది.

"తాతా, ఈ పొద్దు ఎంత?"

ముసలాడు ఇంకో ముక్క మంటలో వేశాడు.